గొంతు తెలిసినను నంబరు అడుగవలయును

నూరు చింతగింజలు, ఒక్కొక్క గింజమీద తెల్లరంగుతో సున్న సున్న మొదలు తొంబదితొమ్మిది వరకు ఒక్కొక్క సంఖ్య. మూకుడులో వానిని అరచేతితో కలియద్రిప్పి, కన్నులు మూసికొని ఒకదానిని తీసి, కిటికీవైపు ఎత్తిపట్టి సంఖ్య చూచుకొని, ఎదుటనున్న చిన్న పుస్తకములో ఒక గడియందు వ్రాసి, ప్రక్కనున్న రెండవ పుస్తకములో సరిగా అదే గడియందు మరల వ్రాసి, ఆ గింజను వేరొక మూకుడులో విడుచుటకు ఆ వృద్ధునకు రమారమి అర నిమిషము పట్టుచుండెను. ఆయన వ్రేళ్ళు వణకుచుండెను గాని, పెన్సిలు కాగితమును తాకినంతనే ఆ వణకు నిలిచిపోవుచుండెను. ముప్పదియారేండ్లు రాత్రింబవళ్ళు బండ్ల రాకపోకలను నిమిషములతో సహా రిజిస్టరులో కెక్కించిన చేతికి ఆ నిలుకడ ఇంకను మిగిలియున్నది. సికింద్రాబాదు మెట్టుగూడలో రైలుపట్టాల చప్పుడు వినవచ్చు ఒక రెండుగదుల ఇంటిలో, వేపచెట్టు నీడ పడిన కిటికీ ప్రక్కను, నేను ఆ చేతులను రెండు గంటలసేపు చూచుచు కూర్చుంటిని.

కృత్రిమ మేధ వచ్చిన పిదప సైబర్ భద్రత ఏ స్థితికి వచ్చినదో తెలిసికొని వ్రాయుమని సంపాదకులు నన్ను సికింద్రాబాదునకు పంపిరి. ఆ ఉదయమున రైల్వే పింఛనుదారులు కూడుకొను ఒక హాలులో వారికొరకు అవగాహన సభ యొకటి జరిగెను. మాటలాడిన యువకుడు విషయము తెలిసినవాడు, మంచివాడు. అయినను తెరమీద వరుసగా నడచిపోయిన వాక్యములన్నియు ఆంగ్లములో నుండెను. ఎదుట కూర్చున్నవారిలో గ్యాంగ్‌మన్‌గా, పాయింట్స్‌మన్‌గా, లాలాగూడ వర్క్‌షాపులో ఫిట్టరుగా పనిచేసి విశ్రమించినవారు, వారి భార్యలు, వితంతువులు ఉండిరి. ప్రమాదమంతయు తెలుగులో ఫోను చేసి ఇంటిలోనికి వచ్చుచుండగా, హెచ్చరిక మాత్రము ఆంగ్లములో గోడమీద కనబడి మాయమగుట చూచి నాకు కష్టము తోచెను.

మూడవ వరుసలో ఒక ముసలమ్మ ప్రక్కనున్నామెతో చెప్పుకొనుచుండిన మాటలు అప్పుడు నా చెవిని పడినవి. "నా కొడుకు గొంతు నాకు ఎర్క లేదా అక్కా? కడుపుల వెట్టుకొని మోసినోన్ని. అమ్మా, యాక్సిడెంటయింది, దవాఖాన్ల ఉన్న, పైసలు కట్టాలె అని ఏడ్సిండు. వాడు ఏడ్సినట్టే ఏడ్సిండు. ఇప్పుడు అందరు నన్నే అంటున్నరు, ఎట్ల నమ్మినవ్ అని. గొంతు గూడ నమ్మొద్దంటే ఇగ దేన్ని నమ్మాలె?"

ఆమె పంపినది ఎనుబదివేల రూపాయలు. భర్త పోయిన పిదప కూడబెట్టుకొన్న సొమ్ము. కొడుకు పూణెలో తన గదిలో నిశ్చింతగా నిద్రించుచుండెను. ఆమె అడిగిన ప్రశ్నకు ఆ సభలో ఎవరును సమాధానము చెప్పలేదు.

ఆ ప్రశ్న సామాన్యమైనది కాదు. మానవజాతి పుట్టినది మొదలు చీకటిలో మనిషిని గుర్తించుటకు గొంతే ఆధారము. తలుపు తట్టినవాడు "నేనే" అనిన చాలును, ఎవరో చెప్పనక్కరలేదు. అయితే మూడు సెకండ్ల మాట దొరికినచో ఎవరి కంఠమునైనను అనుకరింపగల నమూనాను మైక్రోసాఫ్ట్ సంస్థ పరిశోధకులు 2023 జనవరిలో ప్రకటించిరి. ఆ యేడు జులైలోనే కోళికోడులో బొగ్గుసంస్థ నుండి విశ్రమించిన ఒక ఉద్యోగికి, ఆంధ్రప్రదేశ్‌కు చెందిన పూర్వ సహోద్యోగి ముఖముతోను గొంతుతోను వాట్సాప్‌లో వీడియో కాల్ వచ్చెను. ఆయన నలుబదివేలు పంపి, మరల సొమ్ము అడుగగా అనుమానించి, స్నేహితుని పాత నంబరునకు తానే ఫోను చేసి నిజము తెలిసికొనెను. 2024లో ఒక ప్రసిద్ధ ఇంజనీరింగు సంస్థ హాంకాంగు కార్యాలయములో ఒక ఉద్యోగి, తెరమీద కనబడిన పై అధికారులు నిజముగా వారేయని నమ్మి 20 కోట్ల హాంకాంగ్ డాలర్లు బదిలీచేసెను. ఆ సమావేశములో అతడొక్కడు తప్ప తక్కినవారందరును యంత్రము సృష్టించిన బొమ్మలు.

ఇందు మనకు ప్రత్యేకముగా కలిగిన నష్టము మరియొకటి కలదు. నిన్నమొన్నటి వరకు మన భాషయే మనకు ప్రాకారమై యుండెను. దూరదేశమునుండి వచ్చు మోసపు సందేశములో తెలుగు విరిగియుండెడిది. విభక్తులు తారుమారై, మర్యాదావాచకములు చోటు తప్పి, చదివిన అయిదవ తరగతి పిల్లవాడు కూడ "ఇది మనవాళ్ళు వ్రాసినది కాదు" అని పసిగట్టెడివాడు. ఆ తప్పుల తెలుగు ద్వారమువద్ద మొరిగెడి కుక్కవలె మనలను కాచినది. ఇప్పుడు యంత్రము చక్కని తెలుగు వ్రాయుచున్నది; "అమ్మా" అని పిలుచుచున్నది; బ్యాంకు అధికారివలె గౌరవముగను, పోలీసువలె కఠినముగను పలుకుచున్నది. భాషాభిమానులమై మనము ఎంతకాలముగానో కోరిన వరము ఇట్లు దొంగలకును దక్కినది.

సభ ముగిసిన పిదప నా భుజముమీద చేయి వేసినవారు చింతగింజల ఆ వృద్ధుడు, విశ్రమించిన స్టేషన్ మాస్టరుగారు. "ఆవిడ అడిగినదానికి జవాబు మా రైల్వేలో ఎప్పటినుంచో ఉంది బాబూ. మా ఇంటికి రండి, చూపిస్తాను" అనిరి.

ఆ జవాబు పేరు ప్రైవేటు నంబరు. రెండు స్టేషన్ల నడుమ ఒక బండి ప్రవేశించుటకు ముందు ఈ స్టేషన్ మాస్టరు ఆ స్టేషన్ మాస్టరును అడిగి అనుమతి పొందవలయును. గేటు మూసితినని గేట్‌మన్ చెప్పవలయును. రెండు స్టేషన్లను కలుపు బ్లాక్ ఇన్‌స్ట్రుమెంటు చెడినప్పుడును, సిగ్నలుతో ముడివేయు ఇంటర్‌లాకింగు లేని గేటువద్దను ఈ సంభాషణ ఫోనులోనే జరుగును. తప్పుగా వినబడిన ఒక్కమాట వందల ప్రాణములను తీయగలదు. కావున మాట ముగిసిన తరువాత చెప్పినవాడు తనవద్ద భద్రముగా దాచుకొన్న పట్టికనుండి ఒక రెండంకెల సంఖ్యను ఇచ్చును. ఆ సంఖ్యలకు వరుస లేదు. ఇచ్చిన సంఖ్యను వెంటనే గీత గీసి కొట్టివేయవలయును, మరల వాడరాదు. పుచ్చుకొన్నవాడు దానిని తన రిజిస్టరులో వ్రాసికొనవలయును. ఆ సంఖ్య వ్రాయబడిన క్షణమునుండి గాలిలో కలిసిపోవలసిన మాట ఒక మనిషి పూచీగా మారును.

"పక్క స్టేషన్ మాస్టరు నాకు పదకొండేళ్ళ స్నేహితుడు" అని ఆయన చెప్పిరి. "వాళ్ళ అమ్మాయి పెళ్ళికి మా ఇంట్లో వంటలు చేశాం. అతను దగ్గితే చాలు, ఎవరో నాకు తెలిసిపోయేది. అయినా ఒక్కరాత్రి కూడా నంబరు తీసుకోకుండా నేను బండి వదల్లేదు, అతను ఇవ్వకుండా ఉండలేదు. ఇద్దరిలో ఎవరికీ అందులో అవమానం కనపడలేదు. నంబరు అడగడమంటే నిన్ను నమ్మలేదని కాదు బాబూ, బండిలో ఉన్నవాళ్ళు మనిద్దరికంటే పెద్దవాళ్ళని."

ఆ చివరి వాక్యమును నేను నా పుస్తకములో రెండుమారులు వ్రాసికొంటిని. మన కుటుంబములలో సాక్ష్యమడుగుట అపరాధముగా పరిగణింపబడును. అల్లుడు ఫోనుచేసి సొమ్మడిగినప్పుడు "నీవేనా?" అని అడుగుటకు మామగారికి నోరు రాదు, కొడుకు ఏడ్చినప్పుడు తల్లి ప్రశ్నింపదు. మోసగాడు దోచుకొనుచున్నది ఈ మర్యాదనే. నమ్మకము కన్న నియమము గొప్పదని కాదు. నియమము నమ్మకమునకు కంచెయని ఆ పాత రైల్వేవారికి తెలియును.

మాస్టరుగారు ఆ పద్ధతిని ఇంటికొరకు కొంచెము మార్చిరి. రైల్వేలో పట్టిక నంబరు ఇచ్చువానివద్ద మాత్రమే యుండును. ఇచ్చట రెండు ప్రతులు, ఒకటి తల్లికి, ఒకటి దూరమున నున్న బిడ్డకు. సొమ్ము మాట వచ్చినప్పుడు బిడ్డ తన పుస్తకములో కొట్టివేయని మొదటి సంఖ్య చెప్పవలయును. తల్లి తన ప్రతితో సరిచూచుకొని, ఇద్దరును గీత గీయవలయును. ఇంటిల్లిపాదికి ఒకే రహస్యపదము పెట్టుకొనవచ్చును గదాయని నేనడిగితిని. "ఒకసారి పక్కవాడి చెవిన పడితే పోయింది కదా. వాడిన నంబరు ఎవరు విన్నా ఏం పరవాలేదు" అనిరి. సంకేతశాస్త్రజ్ఞులు ఒక్కమారే వాడదగిన రహస్యపట్టికకు ఎంతటి విలువ నిత్తురో ఆయన చదివియుండలేదు. అయినను చింతగింజలతో ఆ సూత్రమునకే చేరిరి. వరుస తెలియరాదు కనుక గింజలను కలుపుట. మనసు తెలియకయే ఇష్టమైన అంకెలను ఏరుకొనును కనుక కన్నులు మూసికొనుట. కాగితములను మడిచి, మధ్యను గోనెసూదితో మూడు రంధ్రములు పొడిచి, మైనము రుద్దిన దారముతో కుట్టి, పాత క్యాలెండరు అట్ట అంటించి, ఆయన ఇంతవరకు కాలనీలో పందొమ్మిది కుటుంబములకు ఇట్టి జంటపుస్తకములు ఇచ్చియున్నారు.

ఈ యింటికి అనతిదూరమున, తార్నాకలో, 1957 నవంబరు 24న స్థాపింపబడిన ఇరిసెట్, అనగా రైల్వే సిగ్నలింగు, టెలికమ్యూనికేషను ఇంజనీర్లకు శిక్షణ నిచ్చు సంస్థ కలదు. 2022 మార్చి 4న ఈ సికింద్రాబాదు డివిజనులోనే గుళ్ళగూడ, చిట్‌గిద్ద స్టేషన్ల నడుమ ఎదురెదురుగా నడపిన రెండు ఇంజన్లలో ఒకదానిని, బండ్లు ఢీకొనకుండ కాపాడు 'కవచ్' వ్యవస్థ రెండవదానికి 380 మీటర్ల దూరమున తనంతట తానే ఆపివేసెను. ఆ కవచ్‌లో స్టేషనుకును ఇంజనుకును నడుమ సాగు రేడియో సందేశములకు సంకేతపు కీలు ఉండును. సందేశము నిజమైన చోటనుండియే వచ్చినదని అవి తేల్చిన పిదపగాని యంత్రము దానిని అంగీకరింపదు. యంత్రములు ఇట్లు పరస్పరము నంబరు అడుగుట నేర్చుకొన్నవి. మనుష్యులు మాత్రము మరచిపోవుచున్నారు.

యంత్రముతో యంత్రమే పోరాడుననియు, మనము నిశ్చింతగా నుండవచ్చుననియు ఉదయపు సభలో ఒకరు ధైర్యము చెప్పిరి. అందు కొంత నిజము లేకపోలేదు. దొంగసొమ్ము పారు అద్దె ఖాతాలను పసిగట్టుటకు రిజర్వుబ్యాంకు ఇన్నొవేషన్ హబ్ 'మ్యూల్‌హంటర్' అను సాధనమును నిర్మించినది. మాసాబ్‌ట్యాంకువద్దనున్న బ్యాంకింగు సాంకేతిక పరిశోధన సంస్థ ఐడీఆర్‌బీటీ, నిజమైన బ్యాంకును నకిలీ బ్యాంకునుండి వేరుపరచుటకై, బ్యాంకులకు మాత్రమే దొరకు 'బ్యాంక్ డాట్ ఇన్' చిరునామాలను నమోదుచేయుచున్నది. ఇవి గౌరవింపదగిన కృషులు. అయినను, 2023లో దేశమున సైబరు మోసములలో పోయిన సొమ్ము 7,465 కోట్లు కాగా 2024లో 22,845 కోట్లకు పెరిగినదని కేంద్రప్రభుత్వమే పార్లమెంటునకు తెలిపినది. కాపాడు యంత్రము ఖాతాలను చూచుచున్నది. మోసగించు యంత్రము తల్లి గుండెను చూచుచున్నది.

ఇంకొక రైల్వే సూత్రమును మాస్టరుగారు నాకు బోధించిరి. పాతకాలపు సెమాఫోర్ సిగ్నలు చేతిని క్రిందికి దించి బండికి దారి యిచ్చుటకు తీగ లాగవలయును. తీగ తెగినచో బరువు ఆ చేతిని తనంతట తానే అడ్డముగా నిలిపి బండిని ఆపును. ఏది చెడినను ఆగుటవైపే చెడవలయునన్నది దాని ధర్మము. మన సొమ్మును క్షణములో దేశము దాటింపగల ఈ నూతన వ్యవస్థలకు ఆ ధర్మము ఇంకను చాలినంతగా అలవడలేదు. డెబ్బదియేండ్ల వితంతువు ఏనాడును ఎరుగని ఖాతాకు, తన బ్రతుకులో ఎన్నడును పంపనంత మొత్తమును, ఏడ్చుచు పంపుచుండగా, సిగ్నలు ఎందుకు అడ్డముగా నిలువరాదు? ఒక పూట ఆగి, తెలుగులో, మెల్లగా, మనిషి గొంతుతో "అమ్మా, మీ అబ్బాయితో మరల మాటలాడితిరా?" అని ఎందుకు అడుగరాదు? సొమ్ము పోయిన తరువాత సైబరు మోసముల ఫిర్యాదు నంబరగు 1930కి ఫోను చేయుట తప్పక చేయవలసిన పనియే. ఆలస్యమైన కొలది సొమ్ము చేజారును. కాని ప్రమాదము జరిగిన పిదప వచ్చు సహాయపు బండికంటె ప్రమాదమునకు ముందు పడిన ఎర్రదీపము మేలు. ఇంతటి వ్యవస్థయు ఆగలేకపోయిన చోట ఆ ముసలమ్మ ఒక్కతె ఆగలేదని నిందించుట నాకు అన్యాయముగా తోచుచున్నది.

సికింద్రాబాదు స్టేషను పాత ముఖమును 2025లో కూల్చివేసిరి, క్రొత్తది లేచుచున్నది. కట్టడములు మారుట సహజము. ఇంటర్‌లాకింగు పెరిగిన కొలది ప్రైవేటు నంబరు ఇచ్చిపుచ్చుకొను సందర్భములును తగ్గుచున్నవి, అదియు మంచిదే. అయితే ఆ సంఖ్యలతోపాటు వానిని పుట్టించిన మనస్సు, స్నేహితునినైనను నియమము తప్పక అడిగి అతని స్నేహమును నిలుపుకొన్న మనస్సు, పింఛనుదారులతోపాటు నిశ్శబ్దముగా వెడలిపోవుచున్నది. ఏ సంస్థయు ఈ మాస్టరుగారిని పిలిచి ఒక తరగతి చెప్పుమని అడుగలేదు. అడుగవలసిన కాలమిది.

సాయంకాలమునకు ఇరువదవ జంట పూర్తియైనది. ఉదయమున సభలో మాటలాడిన ఆ ముసలమ్మ చెప్పిపెట్టినట్లు వచ్చి గడపవద్ద కూర్చుండెను. కొడుకు పూణెలో నుండుటచే అతని ప్రతి పోస్టులో పోవలసియుండగా, ఆమె ఆగలేక, మొదటి పుటను మాత్రము మాస్టరుగారిచేత ఫోనులో చదివించి అతనిచేత వ్రాయింపజూచెను. "ఫోన్ల చదివితే ఇంకేం రహస్యమమ్మా" అని మాస్టరుగారు వారించి, కవరుమీద చిరునామా తామే వ్రాసిరి.

పదిదినముల తరువాత నేను మరల మెట్టుగూడ పోయితిని. నేనక్కడ నుండగానే ఆమె కొడుకు ఫోను వచ్చెను. ఇంటి అద్దెకు సంబంధించిన చిన్న సొమ్ము మాట. ఆమె పుస్తకము తెరచి, పెన్సిలు పట్టుకొని, నంబరు చెప్పుమనెను. అవతల ఒక క్షణము నిశ్శబ్దము. "నేనేనే అమ్మా, నన్ను గూడ అడుగుతున్నవా?" అన్న ఆ గొంతులో కొంచెము నొప్పి వినబడినది.

"నువ్వు గాబట్టే అడుగుతున్న బిడ్డా" అని ఆమె చెప్పెను. అతడు అంకెలు రెండు చెప్పెను. ఆమె సరిచూచుకొని, నెమ్మదిగా, ఒక చివరనుండి మరియొక చివరవరకు తిన్నని గీత గీసెను.