ఘంటయ్య సొంతూరు

నెల్లూరు మైపాడు గేటు నుంచి తూర్పుకు పోయే రోడ్డు మీద కొంత దూరం వరిచేలు, కొంత దూరం రొయ్యల గుంటలు. ఎడమ చేతి వైపు, కంటికి కనిపించకపోయినా, పెన్న కూడా మనతోపాటే సముద్రానికి పోతూ ఉంటుంది. ఈ దారిన వచ్చే వాళ్ళలో ఎక్కువమంది మైపాడు బీచికి పోతారు. నేను మాత్రం ఇందుకూరుపేట మండలంలోని జగదేవిపేట చూద్దామని బయలుదేరాను. తిక్కవరపు వెంకట రమణారెడ్డి 1921 అక్టోబరు 1న పుట్టిన ఊరు అది.

ఊళ్ళో దిగి టీ బంకు దగ్గర అడిగాను, రమణారెడ్డిది ఈ ఊరే కదా అని. బంకాయన పాలు పొంగకుండా గరిటె తిప్పుతూ, "ఏ రమణారెడ్డి సార్? ఈ పక్క ఊరికి నలుగురు ఉండారే" అన్నాడు. సినిమా ఆయన అన్నాను. బంకాయన గరిటె ఆగింది. "సన్నంగా, పొడుగ్గా... ఘంటయ్యనా! అట్టా చెప్పండి మరి!" అని, బెంచీ మీద కూర్చున్న పెద్దాయన వైపు తిరిగి, "తాతా, ఘంటయ్య కోసం వచ్చుండారు" అని కేకేశాడు.

ఘంటయ్య వేషమున్న 'గుండమ్మ కథ' విడుదలై అరవై ఏళ్ళు దాటింది. బంకాయన అప్పటికి పుట్టి ఉండడు. అయినా మనిషి పేరు కంటే వేషం పేరే ముందు తగిలింది. ఒక నటుడికి ఇంతకు మించిన గుర్తింపు ఉండదని నేను నమ్ముతాను. అందులోనూ రమణారెడ్డి హీరో కాడు. ఆయన బొమ్మ వాల్‌పోస్టరు మధ్యలో ఎప్పుడూ ఉండేది కాదు.

పెద్దాయనకు ఎనభై దాటాయి. చిన్నప్పుడు బండి కట్టుకుని టూరింగు టాకీసుకు పోయిన సంగతి చెప్పాడు. ఆ రాత్రి ఆడింది 'రోజులు మారాయి'. అందులో రమణారెడ్డిది కరణం సాంబయ్య వేషం. "వహీదా రెహమాన్ ఆటకు అందరూ ఈలలేసినారు నాయనా. నేనేమో కరణం సాంబయ్యనే చూస్తా కూర్చున్నా. మా ఊరి కరణానికీ ఆయనకూ ఒకటే నడక." ఏ ఊరి కరణమో నేను అడగలేదు. 1955లో ఆ బొమ్మ చూసిన ప్రతి ఊరి వాళ్ళూ అదే మాట అని ఉంటారు.

తాపీ చాణక్య తీసిన ఆ సినిమాలో అసలు పోరు రైతుకూ జమీందారుకూ మధ్య. సి.యస్.ఆర్. ఆంజనేయులు జమీందారు, అక్కినేని నాగేశ్వరరావు రైతు. ఆ ఇద్దరి మధ్య లెక్కల పుస్తకం చంకన పెట్టుకుని తిరిగేవాడు సాంబయ్య. జమీందారు దౌర్జన్యం చూస్తే భయం వేస్తుంది. సాంబయ్య జిత్తులు చూస్తే నవ్వు వస్తుంది. ఊళ్ళో అన్యాయం ఎప్పుడూ కొరడా పట్టుకునే రాదు, ఒక్కోసారి తియ్యటి మాటతో, ఒంగిన నడుముతో, చిన్న దగ్గుతో గుమ్మంలోకి వస్తుంది. ఆ రెండో రకం అన్యాయానికి తెలుగు తెర మీద మొహం ఇచ్చినవాడు రమణారెడ్డి.

అదే ఏడాది సంక్రాంతికి వచ్చిన 'మిస్సమ్మ'లో ఆయన డేవిడ్. కథానాయిక మేరీ కుటుంబానికి అప్పిచ్చి, ఆ అప్పు సాకుతో ఆమెను పెళ్ళాడాలని చూసేవాడు. 1962లో 'గుండమ్మ కథ'కు వచ్చేసరికి ఘంటయ్య. గుండమ్మ కూతురు సరోజకు వచ్చే సంబంధాలు చెడగొట్టి తనవాడైన భూపతికి కట్టబెట్టాలని ఎత్తులు వేసేవాడు. ఆ భూపతి వేసిన రాజనాల కాళేశ్వరరావుది ఈ జిల్లాలోని కావలే. నాగిరెడ్డి, చక్రపాణి తీసిన ఆ సినిమాలో ఎన్టీఆర్, ఏఎన్నార్, సావిత్రి, జమున, ఎస్వీఆర్, సూర్యకాంతం అందరూ ఉన్నారు. అంతమంది మధ్య ఈ ఇద్దరు నెల్లూరు జిల్లా మనుషులు చెరో కొస పట్టుకుని కథను తమ వైపు లాగుతూ ఉంటారు. రాజనాల రంకెతో లాగితే, రమణారెడ్డి గుసగుసతో లాగాడు.

సాంబయ్య, డేవిడ్, ఘంటయ్య. పేర్లు మారాయి, ఊళ్ళు మారాయి, ఒకడి మెడలో శిలువ ఉంటే మరొకడి నుదుట బొట్టు ఉంది. అయినా వరసగా చూస్తే అది ఒకే మనిషి వేర్వేరు ఊళ్ళలో గడిపిన జీవితంలా కనిపిస్తుంది. పోలికకు చెప్పాలంటే, ఇంగ్లండులో 'కారొనేషన్ స్ట్రీట్' అనే టీవీ సీరియల్ 1960 డిసెంబరు 9న మొదలైంది. మొదటి ఎపిసోడులో కెన్ బార్లో అనే కుర్రాడిగా కనిపించిన విలియం రోచ్ అరవై ఏళ్ళు దాటినా అదే వేషంలో ఉన్నాడు. అక్కడి జనం ఒక మనిషి తమతోపాటు ముసలివాడవడం ఇంట్లో కూర్చుని చూశారు. మన దగ్గర ఇళ్ళలోకి టీవీ రాకముందే రమణారెడ్డి వెళ్ళిపోయాడు. కానీ 1950ల మొదటి నుంచి 1974 దాకా ఆయన వేసిన వేషాలన్నీ ఒకదాని పక్కన ఒకటి పేర్చితే అదీ ఒక ధారావాహికే. కాకపోతే ఒక్కో భాగం ఒక్కో డైరెక్టరు తీశాడు. ప్రేక్షకుడు టిక్కెట్టు కొనుక్కుని టెంటులో నేల మీద కూర్చునేసరికి, ఈసారి ఆ సన్నటాయన ఏ ఎత్తు వేస్తాడో, అది ఎలా బెడిసికొడుతుందో చూడాలనే ఆత్రంతో ఉండేవాడు.

పెద్దాయనతో పాటు ఊళ్ళో కొంతసేపు తిరిగాను. పెంకుటిళ్ళు, డాబాలు, అరుగుల మీద ఆరబోసిన వడ్లు, గాలిలో చెరువు వాసన. దూరంగా గుంటల్లో ఏరేటర్లు నీళ్ళు చిమ్ముతున్నాయి. ఒకప్పుడు ఈ డెల్టా అంటే మొలగొలుకుల వరి. ఇప్పుడు కోత గురించి అడిగినా రొయ్యల కౌంటు గురించే చెబుతారు. ఒక రొయ్యల రైతు పడ్డ ధర గురించి పెద్దాయనతో మొరపెట్టుకుంటుంటే నేను పక్కన నిలబడి ఆ మాట తీరే విన్నాను. వాక్యం చివర కొద్దిగా సాగదీసి, అక్కడ ఒక ఎత్తిపొడుపు తగిలించి, ఎదుటివాడి కళ్ళలోకి చూసి ఆగడం. రమణారెడ్డి డైలాగు ఆపే చోటు సరిగ్గా అదే. రాసిన మాట పింగళిదో చక్రపాణిదో కావచ్చు, ఆగే చోటు మాత్రం ఈ గడ్డది.

సినిమాల్లోకి పోకముందు ఆయన నెల్లూరులో శానిటరీ ఇన్‌స్పెక్టరుగా పనిచేశాడు. ఆ ఉద్యోగం సంగతి చెప్పి నవ్వించే వాళ్ళుంటారు, నాకు మాత్రం అది ఆయన నటనకు మొదటి బడి అనిపిస్తుంది. శానిటరీ ఇన్‌స్పెక్టరు గుమ్మం గుమ్మానికీ పోవాలి. దొడ్లు చూడాలి, కాలవలు చూడాలి, హోటలు వంటిల్లు చూడాలి. ఆయన్ని చూడగానే ఒకడు వినయం నటిస్తాడు, ఒకడు కోపం నటిస్తాడు, ఇంకొకడు పక్కింటి మీద చాడీలు చెబుతాడు. తప్పు దాచుకునే మనిషి ఎలా నిలబడతాడో, చేతులు ఎక్కడ పెట్టుకుంటాడో రోజూ చూసే అవకాశం ఇంకే ఉద్యోగంలో దొరుకుతుంది? ఇది నా ఊహే కానీ, ఘంటయ్య చేతులు చూసిన ప్రతిసారీ ఆ ఊహ బలపడుతుంది.

ఒళ్ళు కూడా ఆయనకు కలిసొచ్చింది. పొడుగాటి బక్క మనిషి. బొద్దుగా ఉండే రేలంగి వెంకట్రామయ్య పక్కన నిలబెడితే ఇద్దరూ నోరు తెరవకముందే హాలు నవ్వేది. కానీ బక్క ఒళ్ళు ఒక్కటే ఇరవై ఏళ్ళు నిలబెట్టదు. ఆయన మెడ ముందుకు సాచడంలో ఒక ఆశ ఉంది, భుజాలు ముడుచుకోవడంలో ఒక పిరికితనం ఉంది. దురాశా పిరికితనమూ ఒకే ఒంట్లో కనిపించడం వల్లే ఆ పాత్రల మీద మనకు పగ పుట్టదు.

1957లో కె.వి. రెడ్డి తీసిన 'మాయాబజార్'లో ఈ వరసకు భిన్నమైన వేషం దొరికింది. ఘటోత్కచుడి కొలువులో చిన్నమయ్య. గింబళి, గిల్పం చూపించి కౌరవుల విడిదిలో గందరగోళం పుట్టించే మాయల గురువు. ఆ వేషంలో ఆయన చేతుల కదలికను ఈసారి జాగ్రత్తగా చూడండి. వస్తువును చూపించే ముందు చూసేవాడి కంటిని ఇంకో వైపు తిప్పే చేతులవి. రమణారెడ్డి నిజంగానే ఇంద్రజాలం నేర్చుకున్నాడు, మంచి పనుల సహాయార్థం మేజిక్ ప్రదర్శనలు ఇచ్చాడు. చిన్నమయ్యలో ఆయన రెండు విద్యలూ కలిశాయి.

మధ్యాహ్నం పల్లిపాడుకు పోయాను. అదీ ఈ మండలమే, పెన్న ఒడ్డున ఉంది. 1921 ఏప్రిల్ 7న గాంధీజీ వచ్చి అక్కడ పినాకినీ సత్యాగ్రహ ఆశ్రమాన్ని ప్రారంభించారు. దిగుమర్తి హనుమంతరావు, చతుర్వేదుల కృష్ణయ్య దాన్ని నడిపిన వాళ్ళు. స్థలం ఇచ్చింది పొణకా కనకమ్మ. దక్షిణాఫ్రికా రోజుల నుంచి గాంధీకి స్నేహితుడైన పారసీ రుస్తుంజీ భవనానికి పదివేలు ఇచ్చారు. ఆ తర్వాత ఆరు నెలలు నిండకముందే జగదేవిపేటలో రమణారెడ్డి పుట్టాడు. ఈ రెండింటినీ ముడిపెట్టి కథ అల్లడం నా ఉద్దేశం కాదు. కానీ ఆశ్రమం వరండాలో నిలబడితే ఒక సంగతి స్పష్టంగా తెలుస్తుంది: ఆయన పెరిగిన నేల మీద పెద్దరికం, భూమి, అప్పు, అంటరానితనం గురించిన ప్రశ్నలు అప్పటికే గట్టిగా వినపడుతున్నాయి. కరణం మాట తిరుగులేనిదన్న నమ్మకం సడలుతున్న కాలం అది. నిన్నటి దాకా భయపెట్టిన మనిషి మీద నవ్వడానికి ఊరు సిద్ధమైనప్పుడే సాంబయ్య లాంటి వేషం పండుతుంది.

తిరిగి జగదేవిపేట చేరేసరికి బంకు పక్క ఇంట్లో టీవీ సీరియలు నడుస్తోంది. ఇద్దరు ఆడవాళ్ళు గడప మీద కూర్చుని అందులోని అత్తను పేరు పెట్టి తిడుతున్నారు. ఈటీవీలో 'అభిషేకం' 2008లో మొదలై పదేళ్ళకు పైగా సాగింది. అన్నేళ్ళూ ఒకే పాత్రలో ఇళ్ళలోకి వచ్చే నటులు చేసేది చిన్న పని కాదు. రోజూ కనిపిస్తూ కూడా మొహం మొత్తకుండా ఉండాలి. రమణారెడ్డికి ఆ పరీక్ష వేరే తీరున ఎదురైంది. ఆయనకు ఒక సినిమాలో దక్కేవి కొన్ని సీన్లే. తెర మీద లేనప్పుడు కూడా ప్రేక్షకుడు ఆయన ఎప్పుడొస్తాడా అని చూడాలి.

1974 నవంబరు 11న ఆయన పోయేనాటికి యాభై మూడేళ్ళు. ఆ మాట చెప్పగానే పెద్దాయన ఆగిపోయాడు. "అంతేనా? నేను ఇంకా పెద్దవాడనుకున్నానే" అన్నాడు. తెర మీద ఎప్పుడూ తన వయసు కంటే పెద్దవాళ్ళ వేషాలే వేసిన మనిషి గురించి అలా అనుకోవడంలో ఆశ్చర్యం లేదు.

వెళ్ళేముందు ఏ వేషం గొప్పదన్న తగువు మొదలైంది. పెద్దాయన సాంబయ్యను వదలడు. బంకాయన ఘంటయ్య అంటాడు. అప్పటికే ఫోనులో ఆ సీను పెట్టి గ్లాసులకు ఆనించి నిలబెట్టాడు కూడా. నన్ను అడిగితే డేవిడ్ అన్నాను. బంకాయన ఒప్పుకోలేదు, డేవిడ్ కనిపించేది కాసేపే కదా అన్నాడు. అందుకే అన్నాను నేను. డేవిడ్ అప్పు కోసం పీడించకపోతే మేరీకి ఉద్యోగం అంత అత్యవసరం కాదు. ఉద్యోగం కోసం తహతహ లేకపోతే పెళ్ళికాని మేరీ తోటి నిరుద్యోగి ఎమ్.టి. రావు భార్యనని చెప్పుకుని అప్పాపురం పోదు. పోకపోతే 'మిస్సమ్మ' లేదు. కథ మొత్తాన్ని కదిలించిన వాణ్ణి, కథలోని వాళ్ళెవరూ పెద్దగా పట్టించుకోని మనిషిలా కనిపించేట్టు చేశాడు రమణారెడ్డి. పెద్దాయన కాసేపు ఆలోచించి, "సరే, డేవిడ్ రెండోది. సాంబయ్య మాత్రం మొదటిదే" అన్నాడు.