జూన్ 30 లోపు రాసుకోవాలి

మా చిన్నాడు ఆడే ఫుట్‌బాల్ వీడియో గేమ్‌లో ఒక వింత లోపం ఉంది. ఆటగాడు ఈ సీజన్‌లో ఎన్ని గోల్స్ కొట్టాడో అది టకటకా చెబుతుంది. పోయిన సీజన్‌లో ఎన్ని కొట్టాడని అడిగితే మాత్రం తెల్లమొహం వేస్తుంది. గేమ్ పేరు చెప్పనులెండి, ఇంట్లో ఆ ఈడు పిల్లలున్నవాళ్లకి చెప్పకపోయినా తెలిసిపోతుంది.

ఈ ఆటల గొడవ మనకెందుకు అనుకునేవాళ్ల కోసం కాస్త వివరం చెబుతాను. ఇందులో కెరీర్ మోడ్ అని ఒకటుంటుంది. ఒక మ్యాచ్ ఆడి లేచిపోవడం కాదు, ఒక క్లబ్బుకి మేనేజరుగా కుదురుకోవడం. ఆటగాళ్లని కొనాలి, అమ్మాలి, జీతాలు బేరమాడాలి, పదహారేళ్ల కుర్రాళ్లని ఎక్కడెక్కడి నుంచో ఏరి తెచ్చి పెంచాలి. మా వాడి గేమ్‌లో ఇలా 15 సీజన్లు నడపొచ్చు. ఒక్కో సీజన్ పూర్తి కావడానికి వాడికి ఆరేడు ఆదివారాలు పడుతుంది, ఎందుకంటే మా ఇంట్లో ఆ పెట్టె ఆదివారాలు మాత్రమే తెరుచుకుంటుంది. అంటే ఒక్క కెరీర్ పూర్తిచేయాలంటే దగ్గరదగ్గర రెండేళ్లు. ఒక పెద్ద డైలీ సీరియల్ అంత కాపురం అన్నమాట.

మొదటి కెరీర్‌లో వాడికో కెప్టెన్ ఉండేవాడు. ఎనిమిది సీజన్లు వాడి టీముకి గోల్స్ కొట్టాడు. ఒక ఆదివారం మధ్యాహ్నం, నేను వంకాయలు తరుగుతుంటే వంటింట్లోకి వచ్చి గట్టుకి ఆనుకుని నిలబడ్డాడు మా వాడు.

"అమ్మా, మా కెప్టెన్ రిటైరైపోయాడు."

"అయ్యో. మరి సన్మానం చేశారా?"

"ఏమీ లేదు. ఒక వార్త వచ్చిందంతే. టీము లిస్టులోంచి పేరు తీసేశారు. ఎనిమిదేళ్లలో ఎన్ని గోల్స్ కొట్టాడో చూద్దామంటే ఎక్కడా లేదమ్మా. ఈ సీజన్‌వి ఏడు అని మాత్రం ఉంది."

నేను నవ్వబోయి వాడి మొహం చూసి ఆగాను. అది ఆట పోయిన మొహం కాదు. మా నాన్నగారు పోయాక ఆయన పనిచేసిన ఊరు వెళ్తే, ఆ ఆఫీసులో ఆయన పేరు తెలిసినవాళ్లు ఒక్కరూ కనబడనప్పుడు మా అమ్మ మొహం అలా ఉంది.

ఇంకో సంగతి కూడా చెప్పాడు. అలా రిటైరైన ఆటగాడు కొన్నాళ్లకి అదే దేశంలో, ఇంచుమించు అవే లక్షణాలతో, పదహారేళ్ల కొత్త కుర్రాడిగా మళ్లీ పుడతాడట. పునర్జన్మ ఉంది, పూర్వజన్మ స్మృతి మాత్రం లేదు. కర్మ సిద్ధాంతాన్ని ఎవరో సగమే చదివి గేమ్ తయారుచేశారనుకున్నాను.

ఇది కంప్యూటర్‌లో చోటు చాలక వచ్చిన ఇబ్బందా అని బెంగళూరులో సాఫ్ట్‌వేర్ చేసే మా అన్నయ్య కొడుకుని అడిగాను. వాడు ఫోన్‌లోనే లెక్క కట్టాడు. గేమ్‌లో 20 వేల మంది ఆటగాళ్లు ఉన్నారనుకుందాం. ఒక్కొక్కరికీ సీజన్‌కి మ్యాచ్‌లు, గోల్స్, అసిస్ట్‌లు, కార్డులు అన్నీ కలిపి 20 బైట్లు చాలు. 15 సీజన్లకి 60 లక్షల బైట్లు, అంటే 6 ఎంబీ. "అత్తా, నువ్వు ముగ్గు ఫోటో తీసి గ్రూపులో పెడతావే, ఒక్కటి, అంత" అన్నాడు. చోటు కాదు కారణం. ఏటా కొత్త గేమ్ అమ్మేవాళ్లు, ఒకే గేమ్‌లో ఒకడు 15 సీజన్లు కాపురం ఉంటాడని లెక్కలోకి తీసుకోరు. మైదానంలో గడ్డి మెరుపు, ఆటగాడి జుట్టు ఊగడం ప్రకటనలో కనిపిస్తాయి. పాత లెక్కల పట్టిక కనిపించదు. నాకైతే ఇదే అసలు కారణమనిపిస్తుంది.

లెక్క ఉంచే గేమ్‌లు లేకపోలేదు. ఫుట్‌బాల్ మేనేజర్ అని ఒకటుంది, లండన్‌లోని స్పోర్ట్స్ ఇంటరాక్టివ్ వాళ్లది. ఇంగ్లండ్‌లో ఇద్దరు అన్నదమ్ములు 1992లో తెచ్చిన ఛాంపియన్‌షిప్ మేనేజర్ దానికి పూర్వీకురాలు. అందులో బంతిని మనం తన్నం, మేనేజర్ పని మాత్రమే చేస్తాం. కానీ ఆటగాడి పేరు మీద నొక్కితే ఏ సీజన్‌లో ఏ క్లబ్బుకి ఎన్ని మ్యాచ్‌లు, ఎన్ని గోల్స్ అన్నీ వరసగా ఉంటాయి. దానికి మారిపోరా అంటే మా వాడు ఒప్పుకోడు. "అందులో నేను గోల్ కొట్టలేను కదమ్మా." నిజమే. వండి పెట్టడం వేరు, వంటల పుస్తకం చదవడం వేరు.

అందుకే రెండో కెరీర్ మొదలుపెట్టేటప్పుడు నన్ను ఒక లాంగ్‌సైజ్ నోట్‌బుక్ అడిగాడు. ఒక్కో ఆటగాడికి ఒక పేజీ. సీజన్, వయసు, మ్యాచ్‌లు, గోల్స్, అసిస్ట్‌లు అని గళ్లు. గీతలు నేనే కొట్టిచ్చాను, అత్తయ్య పాల లెక్క పుస్తకానికి కొట్టే కొలతలోనే. నియమం ఒక్కటే. గేమ్‌లో జూన్ 30 దాటకముందే రాసుకోవాలి. జూలై 1 వచ్చిందా, అందరి లెక్కా సున్నా.

ఈసారి వాడు ఎంచుకున్న క్లబ్బు ఆక్రింగ్టన్ స్టాన్లీ. ఇంగ్లండ్‌లో ఉత్తరాన లాంకషైర్‌లో ఒక చిన్న ఊరు, నాలుగో అంచె లీగ్. ఇంత చిన్న క్లబ్బు ఎందుకురా అంటే పేరు బాగుందన్నాడు. ఆ పేరు చరిత్ర చదివితే నాకే ఆశ్చర్యమేసింది. పాత ఆక్రింగ్టన్ స్టాన్లీ 1962లో అప్పులు తీర్చలేక సీజన్ మధ్యలో లీగ్‌ నుంచి తప్పుకుంది. అప్పటికే 33 మ్యాచ్‌లు ఆడేసింది. లీగ్ వాళ్లు ఆ 33 మ్యాచ్‌ల ఫలితాలనీ పట్టికలోంచి కొట్టేశారు! చలికాలం బురదలో ఆడిన ఆటలు, కొట్టిన గోల్స్, పట్టిక మట్టుకు అవేవీ జరగలేదు. 1968లో అదే పేరుతో కొత్త క్లబ్బు పుట్టింది. అది మెల్లగా ఎక్కుతూ ఎక్కుతూ 2006లో మళ్లీ లీగ్‌లోకి వచ్చింది. ఇది చెబితే మా వాడు నోట్‌బుక్ మొదటి పేజీలో "33 మ్యాచ్‌లు" అని రాసి చుట్టూ గీత గీశాడు. ఎందుకని నేను అడగలేదు.

రెండో సీజన్‌లో 27వ నంబరు చొక్కాతో ఒక పదిహేడేళ్ల కుర్రాడు వచ్చాడు, అకాడమీలో పెరిగినవాడు. వాడంటే మా వాడికి ప్రాణం. మొదటి ఏడాది 4 గోల్స్. తర్వాతి సీజన్‌లో బాగా కొడుతున్నాడని రోజూ అన్నం దగ్గర వినేవాళ్లం. ఆ సీజన్ చివర్లో సంక్రాంతి వచ్చింది, ఇంటినిండా చుట్టాలు. మా వాడు స్నానానికి వెళ్లొచ్చేలోపు మా ఆడపడుచు కొడుకు రిమోట్ పట్టుకుని "ముందుకి నొక్కితే ఏమవుతుందో చూద్దామని" నొక్కుకుంటూ పోయాడు. ఆగేసరికి గేమ్‌లో జూలై 9. అన్నీ సున్నాలు.

పండగపూట ఏడవడం బావుండదని మా వాడు డాబా మీదికి వెళ్లిపోయాడు. సాయంత్రం మా ఆయన సర్దిచెప్పబోయారు. "పదిహేనో పదహారో కొట్టుంటాడు కదరా, 15 అని వేసేసుకో."

"తెలియకుండా ఎలా వేస్తాను నాన్నా?" అన్నాడు. ఆ గడిలో ప్రశ్నార్థకం పెట్టాడు. ఇప్పటికీ అదే ఉంది. నాలుగో సీజన్ 19, అయిదో సీజన్ 23, ఆరో సీజన్ 27. మొత్తం దగ్గర "73 + ?" అని రాసుకున్నాడు. గణితం పరీక్షలో ఇంత నిజాయితీ చూపిస్తే ఎన్ని మార్కులొస్తాయో గానీ, నాకు మాత్రం ఆ ప్రశ్నార్థకం చాలా నచ్చింది.

నేను తెలుగు బీఏ చదువుకున్నదాన్ని. మా లెక్చరర్ అన్నమయ్య పాఠం చెబుతూ, 32 వేల సంకీర్తనలు రాశాడని ప్రతీతి, దొరికినవి అందులో సగం కూడా లేవు అని చెప్పి కాసేపు మౌనంగా ఉండేవారు. ఆ దొరికినవైనా కొడుకు పెద తిరుమలాచార్యులు పూనుకుని రాగిరేకుల మీద చెక్కించబట్టి దొరికాయి. పాడినవాడు పాడుతూ పోతాడు, పక్కన ఒకరు కూర్చుని రాయాలి. మా వాడికి ఇది చెబితే "రాగిరేకులైతే జూలై 1న చెరిగిపోవు కదా" అన్నాడు.

అసలు ఆటలో కూడా ఈ లెక్కల తగువులు తక్కువేం కాదు. 2020 డిసెంబరులో మెస్సీ బార్సిలోనాకి 644వ గోల్ కొట్టి, ఒకే క్లబ్బుకి ఎక్కువ గోల్స్ కొట్టిన పేలే రికార్డు 643ని దాటాడని ప్రపంచమంతా రాసింది. పేలే క్లబ్బు శాంటోస్ ఒప్పుకోలేదు. స్నేహపూర్వక మ్యాచ్‌లలో కొట్టిన 448 గోల్స్ ఎందుకు వదిలేశారు, అవీ కలిపితే 1,091 అంది. ఆ రోజుల్లో యూరప్ వెళ్లి పెద్ద పెద్ద క్లబ్బులతో ఆడిన మ్యాచ్‌లూ వాటిలో ఉన్నాయి మరి. శాంటోస్ మాటలో న్యాయముందనే నాకనిపిస్తుంది. మా వాడు మాత్రం మధ్యేమార్గం పట్టాడు. సీజన్‌కి ముందు ఆడే మ్యాచ్‌ల గోల్స్‌కి పక్కన ఇంకో గడి, ఎర్ర పెన్నుతో.

ఈ గోలంతా మామయ్యగారు పడక్కుర్చీలోంచి వింటూ ఉంటారు. ఆయన సికింద్రాబాద్‌లో పుట్టి పెరిగినవారు, కుర్రతనంలో ఫుట్‌బాల్ పిచ్చి. హైదరాబాద్ సిటీ పోలీస్ టీము 1950 నుంచి 1954 దాకా వరసగా అయిదేళ్లు రోవర్స్ కప్పు గెలిచిందనీ, ఆ టీముని తయారుచేసిన రహీం సాబ్ శిక్షణలోనే మన దేశం 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానానికి వచ్చిందనీ, 1962లో జకార్తాలో దక్షిణ కొరియాని 2-1తో ఓడించి ఆసియా క్రీడల బంగారు పతకం తెచ్చిందనీ మా పెళ్లయిన కొత్తలోనే నాకు అప్పగించారు. ఆ జట్టులో ఆడిన తులసీదాస్ బలరాం మన అమ్ముగూడ కుర్రాడని చెప్పేటప్పుడు ఆయన గొంతు మారుతుంది.

"తాతయ్యా, బలరాం ఇక్కడి లీగ్‌లో ఎన్ని గోల్స్ కొట్టాడు?" అని మా వాడు అడిగాడు ఒకరోజు.

మామయ్యగారు చాలాసేపు ఆలోచించారు. "ఎవరు రాశారురా? మేం చూశాం, అరిచాం, ఇంటికొచ్చాం" అన్నారు.

ఆ రాత్రి నాకూ నిద్ర పట్టలేదు. అద్దె ఇల్లు మారినప్పుడల్లా పిల్లల ఎత్తు గీతలు తలుపు వెనకే ఉండిపోయేవి, ఓనరు కొత్త రంగు వేసేసేవాడు. ఖాళీ చేసే ముందురోజు టేపు పట్టుకుని ఆ గీతలన్నీ పాత డైరీలోకి ఎక్కించేదాన్ని. మూడో ఏట 94 సెంటీమీటర్లు, నాలుగో ఏట 101. సామాన్లు కట్టే హడావుడిలో ఇదేం పనని మా ఆయన విసుక్కునేవారు. మర్నాడు ఆ డైరీ తీసి చూపిస్తే మా వాడు నిలబడే అయిదు నిమిషాలు చదివాడు. తర్వాత "అయిదో ఏడు లేదేంటి?" అన్నాడు. ఆ ఏడు వాడికి కాలు విరిగి మంచం మీద ఉన్నాడు, నిలబెట్టి కొలవలేదు. చెప్పాను. పెన్ను తెచ్చి అక్కడ "కాలు విరిగింది" అని రాసి తేదీ వేశాడు.

ఇప్పుడు నోట్‌బుక్ వెనక నుంచి నాలుగు పేజీలు తాతయ్యవి. మధ్యాహ్నం కాఫీ తర్వాత ఆయనకి గుర్తొచ్చిన మ్యాచ్‌లు చెబుతారు. ఏ గ్రౌండు, ఎండా వానా, ఎవరు గోల్‌కీపరు. ఖాయంగా తెలిసింది నీలం పెన్నుతో, అనుమానమున్నది పెన్సిల్‌తో. పెన్సిలే ఎక్కువ. ఒక మ్యాచ్ విషయంలో 1961 అని ఆయన, కాదు మీ చెల్లెలి పెళ్లయిన ఏడు కాబట్టి 1963 అని వంటింట్లోంచి అత్తయ్య. రెండూ రాసి పెట్టుకోమన్నారు. టెన్త్ పరీక్షలయ్యేదాకా ఆదివారాలు కూడా గేమ్ బంద్ అని మా ఆయన చెప్పేశారు, వాడూ సరేనన్నాడు. ఆక్రింగ్టన్‌లో ఏడో సీజన్ మార్చి నెల దగ్గర ఆగి ఉంది. 27వ నంబరు కుర్రాడివి ఇప్పటికి 18 గోల్స్. పెన్సిల్‌తో వేసి ఉంచాడు.