రోడ్డు దాటితే ఊట

నబీ సాలెహ్ చాలా చిన్న ఊరు. వెస్ట్ బ్యాంక్‌లో, రమల్లాకి వాయవ్యంగా ఒక కొండ మీద ఉంటుంది. జనం ఐదారు వందల మంది. దాదాపు అందరి ఇంటిపేరూ ఒక్కటే, తమీమీ. కింద లోయలో రోడ్డు దాటితే ఒక నీటి ఊట. ఎదురు కొండ మీద హలమిష్. 1967 యుద్ధంలో ఇజ్రాయెల్ స్వాధీనం చేసుకున్న నేల మీద 1977లో కట్టుకున్న ఇజ్రాయెలీల కాలనీ అది. ఇలాంటివాటినే సెటిల్‌మెంట్లు అంటారు.

2008లో హలమిష్ కుర్రాళ్ళు కిందికి దిగి, ఊట నీళ్ళు నిలవడానికి చిన్న చిన్న కొలనులు కట్టడం మొదలుపెట్టారు. తర్వాత బెంచీ వచ్చింది, నీడకి పందిరి వచ్చింది. ఊరివాళ్ళకి అటు వెళ్ళడం కష్టమైపోయింది. 2009 డిసెంబర్ నుంచి వాళ్ళు ప్రతి శుక్రవారం మధ్యాహ్నం నమాజు అయ్యాక ఊట వైపు నడవడం మొదలుపెట్టారు. సైన్యం దారిలోనే ఆపేసేది. అటు నుంచి టియర్ గ్యాస్, రబ్బరు పూత బుల్లెట్లు. ఇటు నుంచి కుర్రాళ్ళ రాళ్ళు. సాయంత్రానికి ఎవరింటికి వాళ్ళు. మళ్ళీ శుక్రవారం.

అమెరికన్ జర్నలిస్ట్ బెన్ ఎరెన్‌రైక్ 2016లో వేసిన 'ది వే టు ద స్ప్రింగ్' పుస్తకానికి వెన్నెముక ఈ నడకే. పేరుకి అర్థం కూడా అదే, ఊటకి వెళ్ళే దారి. 2011 నుంచి కొన్నేళ్ళు ఆయన వెస్ట్ బ్యాంక్‌కి వెళ్తూ, ఉంటూ రాశాడు. ఈ ఊళ్ళో బాసిం తమీమీ అనే ఉద్యమకారుడి ఇంట్లోనే దిగాడు.

నేను దీన్ని మెట్రోలో, ఫోన్‌లో చదివాను. మియాపూర్ నుంచి రాయదుర్గం దాకా రోజూ కొంచెం. మొదట్లో విసుగొచ్చింది, నిజంగా. ఏమీ జరగదు. టీలు, సిగరెట్లు, ఎదురుచూపులు. ఎవర్నో అరెస్ట్ చేస్తారు, కోర్టు వాయిదా పడుతుంది, వాళ్ళావిడ బయట నిలబడుతుంది. కానీ వంద పేజీలు దాటాక అర్థమైంది, అసలు విషయం ఈ ఏమీ జరగకపోవడమే. న్యూస్ యాప్ మనకి శుక్రవారం మాత్రమే చూపిస్తుంది. వారంలో మిగతా ఆరు రోజులు కావాలంటే అక్కడ ఎవరో ఒకరు ఉండి చూడాలి.

బాసిం కూతురు అహెద్ వీడియో మీరూ చూసే ఉంటారు. 2017 డిసెంబర్‌లో సైనికుడి చెంప మీద కొట్టిన 16 ఏళ్ళ అమ్మాయి. ఎనిమిది నెలలు జైల్లో ఉంది. ఆ క్లిప్ చూసినవాళ్ళలో ఎంతమందికి ఆ ఊట సంగతి తెలుసు?

ఆఫీసులో నేను చూసే మాడ్యూల్ యాక్సెస్ కంట్రోల్. ఏ యూజర్‌కి ఏ స్క్రీన్ కనపడాలి, ఏ బటన్ నొక్కనివ్వాలి అనే పని. అందుకేనేమో, నన్ను బాగా పట్టుకున్నది తుపాకుల కంటే కాగితాలు. 1995 ఓస్లో రెండో ఒప్పందం వెస్ట్ బ్యాంక్‌ని ఏ, బీ, సీ అని మూడు ముక్కలు చేసింది. దాదాపు 60 శాతం నేల సీలో ఉంది. అక్కడ గది కట్టాలన్నా ఇజ్రాయెల్ మిలిటరీ కింద పనిచేసే ఆఫీసు పర్మిట్ ఇవ్వాలి. పాలస్తీనా వాళ్ళకి అది దొరకడం చాలా అరుదు. నబీ సాలెహ్‌లో ఎక్కువ ఇళ్ళు బీలో, ఊట సీలో. ఇంకో చిత్రం, కొలనులు కట్టేశాక సెటిలర్లు వాటికి పర్మిట్ అడిగితే, భూమి మీద మీ హక్కు రుజువు కాలేదని ఆ ఆఫీసే తిరస్కరించింది. అయినా శుక్రవారం ఆగిపోయేది ఊరివాళ్ళే. మా దగ్గర ఇలాంటిది కనిపిస్తే బగ్ అని టికెట్ పెడతాం. ఇది బగ్ కాదు.

2011 డిసెంబర్‌లో ముస్తఫా తమీమీ మీదకి ఆర్మీ జీపు లోంచి టియర్ గ్యాస్ గోళం పేల్చారు. దగ్గర నుంచి, ముఖానికి తగిలింది. మర్నాడు చనిపోయాడు. వయసు 28. ఇప్పుడు నా వయసు అదే. ఆ రోజు అమీర్‌పేటలో రైలు మారకుండా అలాగే కూర్చుండిపోయాను.

ఒక మాట. ఎరెన్‌రైక్ ఎవరి పక్కనున్నాడో దాచుకోడు, అది నాకు నచ్చింది. కానీ సెటిలర్ల ఇళ్ళల్లోకి ఆయన పెద్దగా వెళ్ళడు. పుస్తకం వచ్చిన ఏడాదికి, 2017 జులైలో, వేరే ఊరి పాలస్తీనా యువకుడొకడు కత్తితో హలమిష్‌లో ఒక ఇంట్లోకి దూరి, రాత్రి భోజనాల దగ్గర ముగ్గుర్ని చంపాడు. ఆ కొండ మీద భయం ఎలా ఉంటుందో ఈ పుస్తకంలో దొరకదు.

ఇంతకీ ఇది నాకు దూరం కథ అనుకుంటూనే చదివాను, పర్మిట్ అనే మాట మా ఇంటి వాట్సాప్ గ్రూపులో కనపడేదాకా. 2023 అక్టోబర్‌లో హమాస్ దాడికి ముందు దాదాపు లక్షన్నర మంది వెస్ట్ బ్యాంక్ పాలస్తీనీయులు పర్మిట్ల మీద ఇజ్రాయెల్‌లో, సెటిల్‌మెంట్లలో పని చేసేవాళ్ళు. ఎక్కువమంది కన్‌స్ట్రక్షన్‌లోనే. దాడి తర్వాత వాటిలో చాలావరకు ఆపేశారు. ఆ ఖాళీల్లోకి మనవాళ్ళని పిలిచారు. 2024లో హైదరాబాద్‌లో కూడా సెలక్షన్లు జరిగాయి. షట్టరింగ్, రాడ్ బెండింగ్, టైల్స్, ప్లాస్టరింగ్. నెలకి లక్షా ముప్పై వేల పైన.

మాది జగిత్యాల దగ్గర పల్లె. మా పెద్దబాపు కొడుకు దుబాయ్‌లో తొమ్మిదేళ్ళు ప్లాస్టరింగ్ చేసి, అప్పు తీరకుండానే తిరిగొచ్చాడు. అన్న కూడా ఇజ్రాయెల్‌కి పేరిచ్చాడు. టెస్టులో గోడకి ప్లాస్టరింగ్ చేసి చూపిస్తే పాసయ్యాడట. పెద్దమ్మ భయం ఒకటే, "ఆడ బాంబులు పడ్తయంటగదరా."

ఫోన్ చేసి అడిగాను, "అన్నా, ఆ పని ఇంతకుముందు ఎవలు చేసేటోళ్ళో తెల్సా?"

"తెల్సు. దుబాయ్‌ల నేను చేసిన పని కూడ నా ముందు ఇంకెవడో చేసిండు గద తమ్మీ. వాన్ని నేను ఎల్లగొట్టిన్నా?"

నా దగ్గర జవాబు లేదు. ఆయన అప్పు ఎనిమిది లక్షలు. నా ప్యాకేజీ ఎంతో ఆయనకి తెలుసు, అయినా ఎప్పుడూ అడగలేదు.

"ఏదో బుక్ సదివినవంట, అండ్ల ఏముంది?" అన్నాడు. నబీ సాలెహ్ గురించి అరగంట చెప్పాను. మధ్యలో ఒక్కసారే ఆపాడు.

"ఆ ఊట కింద ఎన్ని ఎకరాలు పారుతది?"

పెద్ద ఊట కాదన్నాను.

"గంతేనా?" అని కాసేపు ఏం మాట్లాడలేదు. "మనోళ్ళు ఒక్క బోరు కాడ ఎన్నేండ్లు కొట్లాడిండ్రు, నీకు యాదుందా?"

తర్వాత వీసా ఇంకా రాలేదని చెప్పి ఫోన్ పెట్టేశాడు.