తొంభై ఒకటి

లెక్కలకి కులం లేదంటారు. నిజమే. లెక్క చెప్పేవాడికీ, చెప్పించుకునేవాడికీ ఉంది.

1988లో నేను ఆరో తరగతి. మా మాదిగపల్లె నించి ఊళ్ళో హైస్కూలుకి పోయేవాళ్ళం నలుగురం. చివరి వరస మాది. ఆ రోజు లెక్కల మేస్టారు ప్రధాన సంఖ్యలు, సంయుక్త సంఖ్యలు చెప్తున్నాడు. 1తోనూ తనతోనూ తప్ప మరి దేనితోనూ శేషం లేకుండా పోనిది ప్రధాన సంఖ్య. ఇంకో కారణాంకం ఉంటే అది సంయుక్త సంఖ్య. 1 రెండిట్లోనూ చేరదు. అంతవరకూ బాగానే చెప్పాడు. తర్వాత బోర్డు మీద 91 రాసి ‘ఇదేందిరా?’ అన్నాడు. ముందు వరసలన్నీ ‘ప్రధాన సంఖ్య’ అన్నాయి. 2తో పోదు, 3తో పోదు, 5తో పోదు. మేస్టారు కూడా తలూపాడు.

‘కాదు సార్, ఏడు పదమూళ్ళు’ అన్నాను, ఎప్పుడు లేచి నిలబడ్డానో నాకే తెలీదు.

క్లాసంతా నవ్వింది. మేస్టారు నవ్వలేదు. ‘ఎవడి పుస్తకంలో చూశావురా?’ అన్నాడు. నాకసలు పుస్తకమే లేదు. రెండు అరచేతుల మీదా బెత్తంతో కొట్టాడు. 7ని 13తో హెచ్చించి చూడ్డానికి బోర్డు మీద ఎంత చోటు కావాలి? ఆ కాస్త చోటు కూడా ఇవ్వలేదు.

నేను చూసింది ఇటికల బట్టీలో. మాయమ్మ ఇటికలు కోసేది. వెయ్యికింతని కూలి. సాయంత్రం మేస్త్రి వచ్చి లెక్క పెడితే ఎప్పుడూ మాకు తక్కువే వచ్చేది. అమ్మకి చదువు రాదు. అందుకే ఆరిన ఇటికల్ని సమానమైన వరసలుగా పేర్చేది. ‘వరసలు సమంగా ఉంటే వాడు మింగలేడురా అయ్యా’ అనేది. ఒకరోజు ఆఖర్న 91 మిగిలాయి. రెండేసి పేరిస్తే ఒకటి మిగిలింది. మూడేసి పేరిస్తే ఒకటి మిగిలింది. అయిదేసి పేర్చినా మళ్ళీ ఒకటే. ఆ ఒక్క ఇటికా ఊరికి మా పల్లెలాగా వెలిగానే ఉంది. ఏడేసి పేర్చాం. సరిగ్గా పదమూడు వరసలు. వెలి లేదు. అమ్మ నడుం మీద చేతులేసుకుని, ‘ఇప్పుడు రమ్మను వాణ్ణి’ అంది.

వంద లోపు ఏ సంఖ్యనైనా తేల్చుకోడానికి 2, 3, 5, 7 చూస్తే చాలు. పదిపదులు వంద గదా, వంద లోపు సంయుక్త సంఖ్యకి పది లోపు కారణాంకం ఒకటి ఉండి తీరాలి. ఇది నాకు తర్వాత తెలిసింది. మేస్టారు 5 దగ్గర ఆగిపోయాడు. మాయమ్మ ఆగలేదు, కూలి పోతది గనక.

ఇప్పుడు నేనూ లెక్కల టీచర్నే. ఏటా 91 బోర్డు మీద రాస్తాను. చివరి వరస నించి ఎవరు లేచినా, తప్పయినా ఒప్పయినా, సుద్దముక్క చేతికిచ్చి ‘చేసి చూపియ్యి’ అంటాను. ఆ రోజు నాతో ఎవరూ అనని మాట అది.