గుత్తి నుంచి పత్తికొండకు... ఒక దారి, వెయ్యి ఆశలు

అశోకుడి శాసనం, మన్రో బావి, వజ్రాల వేట, టమోటా గంప... అన్నీ ఒక్క రోడ్డు మీదే. గుత్తి, పత్తికొండల మధ్య ఉన్న ఆ కాస్త దూరంలో రెండు వేల ఏళ్లకు పైబడిన చరిత్ర కనిపిస్తుంది.

గుత్తి కోట వెనక్కి జరిగిపోగానే ఎర్రనేల, నల్లరేగడి, మధ్యమధ్యలో బోడిగుట్టలు. అనంతపురం జిల్లా దాటి కర్నూలు జిల్లాలో అడుగుపెడితే దారి పక్కనే ఎర్రగుడి. ఇక్కడి బండలపై అశోకుడు చెక్కించిన పద్నాలుగు పెద్ద శాసనాలూ, రెండు చిన్న శాసనాలూ ఉన్నాయి. లిపి బ్రాహ్మి, భాష ప్రాకృతం. చిన్న శాసనంలో కొన్ని వరుసలు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు సాగడం విశేషం! తల్లిదండ్రుల మాట వినండి, ప్రాణుల మీద దయ చూపండి, నిజం చెప్పండి... ఈ సంగతుల్ని భేరి మోగించి మరీ పల్లె జనానికి చెప్పమని రాజు ఆజ్ఞ.

చినుకు పడితే వజ్రమే!

ఆ దాపునే జొన్నగిరి. అశోకుడి నాటి సువర్ణగిరి ఇదేనని కొందరు చరిత్రకారుల అభిప్రాయం. పేరుకు తగ్గట్టు ఇటీవల ఇక్కడ బంగారు గని కూడా వచ్చింది. కానీ జనాన్ని లాగేది వజ్రం. తొలకరి వానకు పైమట్టి కొట్టుకుపోయి రాళ్లు తేలతాయి. అంతే... జొన్నగిరి, తుగ్గలి, పగిడిరాయి చేలల్లో ఊళ్లకు ఊళ్లే తలవంచుకుని వెతుకుతాయి. దొరికినవాడి పేరు జిల్లా అంతా మోగుతుంది. దొరకనివాళ్లు సద్దిమూట విప్పుకుని, మళ్లీ వానకు చూద్దామనుకుంటారు. విత్తనం వేసే అదునులోనే చేను తొక్కుడు పడుతుందని రైతు బాధ.

కలెక్టరుకో బావి

దారి చివర పత్తికొండ. సర్ థామస్ మన్రో కన్నుమూసిన ఊరు. 1800లో నిజాం నుంచి కంపెనీకి దక్కిన దత్తమండలాలకు ఆయనే ప్రధాన కలెక్టరు. రైతు నేరుగా సర్కారుకే శిస్తు కట్టే రైతువారీ పద్ధతిని ఇక్కడ నిలబెట్టాడు. తర్వాత మద్రాసు గవర్నరయ్యాడు. స్వదేశం వెళ్లిపోయే ముందు ఈ సీమను కడసారి చూడాలని వచ్చి, 1827 జులై 6న ఇక్కడే కలరాతో పోయాడు. గుత్తిలో సమాధి చేశారు. ఆ తర్వాత అస్థికల్ని మద్రాసు కోటలోని చర్చికి తరలించారు. ఆయన జ్ఞాపకంగా పత్తికొండలో ప్రభుత్వం ఒక తోపు వేయించి, బావి తవ్వించింది. కరవు సీమలో నీళ్లకు మించిన స్మారకం ఏముంటుంది? సీమలో పిల్లలకు మన్రోలప్ప అని పేరు పెట్టుకున్నారంటే ఆ అభిమానం ఎంతటిదో!

గంపెడు టమోటా...

బావి నీళ్లతో తీరే దాహం కాదిది. 2012లో హంద్రీనీవాతో కృష్ణా నీళ్లు ఇటు కదిలాయి. పత్తికొండ మండలంలోని పందికోన జలాశయం ఆ పథకంలోదే. నీరు తగిలిన చోట టమోటా పండింది. పత్తికొండ మార్కెట్ పేరు మోగింది. అయితే పంట ఒక్కసారిగా విరగబడితే కిలో రూపాయికీ అడిగేవాడుండడు. కోత కూలి, బండి బాడుగ రాక గంపలకు గంపలు ఈ రోడ్డు మీదే పారబోసిన ఏడాదులున్నాయి. టమోటా ఫ్యాక్టరీ మాట ఎన్నికల్లో ఎన్నిసార్లు వినిపించిందో!

వజ్రం ఎవరికో ఒకరికి దొరుకుతుంది. టమోటాకు ధర దొరికితే ఊరంతా బతుకుతుంది.

ఎర్రగుడి చూడాలనుకుంటే గుత్తిలో పత్తికొండ బస్సెక్కండి. తొలకరిలో వెళితే మాత్రం... విత్తిన చేలో కాలు పెట్టకండి.