బ్యాటరీతో వియ్యం!

ఉలి మొద్దుబారితే సాన పట్టుకోవచ్చు. రంపం పళ్లు అరిగితే ఆకురాయితో పదును పెట్టుకోవచ్చు. మరి వైరు లేని డ్రిల్లు మొరాయిస్తే? మోటారు బాగానే ఉంటుంది. గేర్లూ బాగానే ఉంటాయి. అడుగున ఉన్న బ్యాటరీ ఒక్కటే ప్రాణం విడుస్తుంది. అప్పుడు మొదలవుతుంది అసలు చిక్కు... పాతదానికే మళ్లీ ఊపిరి పోయాలా, మొత్తంగా కొత్తది కొనాలా?

విజయవాడలో అల్మరాలు, వంటింటి అరలు చేసిపెట్టే ఓ వడ్రంగి మేస్త్రీ ఇంట్లో ఈ ప్రశ్న నెల రోజులు నలిగింది. ఆయన డ్రిల్లు 18 వోల్టులది. 2009లో దుబాయ్ నుంచి వస్తూ బావమరిది తెచ్చిచ్చాడు. పెద్దమ్మాయి పెళ్లీ, ఇంటిపైన రెండు గదులూ దాని సంపాదనే. ఐటీఐ చదివి తండ్రితో పనికి వస్తున్న కొడుక్కి మాత్రం దాన్ని చూస్తే చిరాకు. 'నాన్నా, ఇక దీన్ని మ్యూజియంలో పెట్టాలి. లిథియం కొందాం' అంటాడు. 'మోటారు ఇంకా గుర్రంలా ఉందిరా. సెల్స్ మార్పిస్తే చాలు' అన్నది తండ్రి మాట. మధ్యలో నలిగేది ఇల్లాలు. చీటీ డబ్బులు ఆమె దగ్గరున్నాయి. చిన్నమ్మాయి బీటెక్ ఫీజు కట్టాల్సింది కూడా ఆ నెలలోనే!

నిజానికి ఇద్దరి మాటలోనూ న్యాయం ఉంది. పాత బ్యాటరీ నికెల్-కాడ్మియం రకం. ఒక్కో సెల్ ఇచ్చేది 1.2 వోల్టులే. 18 వోల్టులు రావాలంటే లోపల 15 సెల్స్ వరసగా ఉండాలి. వాటిలో ఒక్కటి నీరసించినా మిగతా పద్నాలుగూ దాంతోపాటే కూలబడతాయి. వాడకుండా పక్కన పెట్టినా ఛార్జింగు దిగిపోతుంటుంది. లిథియం-అయాన్ సెల్ అలా కాదు. ఒక్కోటి 3.6 వోల్టులు. అవి అయిదుంటే చాలు. బరువు తగ్గుతుంది. నిచ్చెనెక్కి తలపైన స్క్రూలు బిగించేవాడికి ఆ తేడా ఏమిటో సాయంత్రానికి భుజమే చెబుతుంది.

కాలం కూడా కొడుకు పక్షమే. బ్లాక్ అండ్ డెక్కర్ సంస్థ 1961లో వైరు లేని డ్రిల్లు తెచ్చినప్పుడు అందులో ఉన్నది నికెల్-కాడ్మియమే. లిథియం-అయాన్ బ్యాటరీని 1991లో సోనీ మార్కెట్లోకి తెచ్చింది. 2005 ప్రాంతంలో అది డ్రిల్లుల్లోకి ఎక్కింది. దాని వెనకున్న గుడెనఫ్, విటింగ్‌హామ్, యోషినోలకు 2019లో రసాయన శాస్త్రంలో నోబెల్ వచ్చింది. కాడ్మియం విషపూరితం కావడంతో ఈ పనిముట్లకు ఇచ్చిన మినహాయింపును ఐరోపా సమాఖ్య 2016 చివరితో ఎత్తేసింది. ఇక పాత మోడళ్లకు బ్యాటరీలు వెతుక్కోవడం కష్టం కాక ఏమవుతుంది?

అయినా మేస్త్రీ తేలిగ్గా ఒప్పుకోలేదు. గవర్నర్‌పేటలో ఓ రిపేరు కుర్రాడిని అడిగాడు. పాత రకం సెల్స్ కొత్తవి వేస్తానన్నాడు. అంతవరకూ సరే. 'కావాలంటే అదే డబ్బాలో లిథియం సెల్స్ ఇరికించేస్తా' అనీ అన్నాడు. అక్కడే ప్రమాదం! లిథియం సెల్స్‌కి కాపలాగా ప్రత్యేక సర్క్యూట్ ఉండాలి. ఛార్జరూ దానికి తగ్గదే కావాలి. పాత ఛార్జరుకు తగిలిస్తే నిప్పు రాజుకోవచ్చు. ఇంట్లో రాత్రంతా ఛార్జింగ్ పెట్టి పడుకునే అలవాటున్నవాళ్లు చేయకూడని పని అది.

కొత్తది కొనడమూ అంత తేలికేం కాదు. ఒక కంపెనీ బ్యాటరీ సాధారణంగా మరో కంపెనీ పనిముట్టుకు పట్టదు. ఇవాళ డ్రిల్లు కొంటే రేపు గ్రైండరు, ఎల్లుండి రంపపు మర... అన్నీ అదే కంపెనీవి కొనాలి. అంటే బ్యాటరీ కొనడమంటే ఆ ఇంటితో వియ్యమందడమే! అందుకే ధర కన్నా ముందు ఊళ్లో సర్వీసు ఉందా, విడిగా బ్యాటరీలు దొరుకుతాయా అన్నది చూడాలి. షాపులో '18 కాదు, 20 వోల్టులు' అంటే మురిసిపోనక్కర్లేదు. నిండా ఛార్జింగు ఉన్నప్పుడు అయిదు సెల్స్ కలిపి చూపే అంకె 20. మామూలుగా లెక్కేస్తే 18. రెండూ ఒకటే.

ఇక ఆంపియర్-అవర్ల సంగతి. వోల్టులు నీటి ఒత్తిడి అయితే, ఆంపియర్-అవర్లు ట్యాంకు సైజు. 18 వోల్టులు, 2 ఆంపియర్-అవర్ల బ్యాటరీలో ఉండేది 36 వాట్-అవర్లు. 5 ఆంపియర్-అవర్లదైతే 90. ట్యాంకు పెద్దదైతే బరువూ, ఖర్చూ పెద్దవే. పైగా లిథియం బ్యాటరీకి వాడినా వాడకపోయినా వయసు మీదపడుతుంది. బెజవాడ ఎండలో బండి డిక్కీలో వదిలేస్తే ఇంకా తొందరగా! 'ముందుచూపుతో నాలుగు కొని దాచుకోవడం దండగ' అన్న మేస్త్రీ మాట నూటికి నూరుపాళ్లూ నిజం.

తగవు తెగ్గొట్టింది చివరికి పెన్సిలే. బ్యాటరీ నిండుకుని పని ఆగిన ప్రతిసారీ ప్లైవుడ్ ముక్క మీద ఒక గీత గీయమంది ఇల్లాలు. నెల తిరిగేసరికి 19 గీతలు. ఆగినప్పుడల్లా ఇరవై నిమిషాలు అనుకున్నా 380 నిమిషాలు... ఆరు గంటల పైమాటే. అంటే నెలకి ఇద్దరు మనుషుల ఒకరోజు కూలి గాల్లో కలుస్తోందన్నమాట. ఏడాదికి పన్నెండు రోజులు! కొత్త సెట్టు ధర అందులో సగం ఉంటుందని తేలింది. కొడుకు కోరిన అయిదు పనిముట్ల సెట్టుకు మాత్రం ఆమె ఒప్పుకోలేదు. ముందు ఫీజు కట్టింది. మిగిలిన డబ్బుతో ఒక డ్రిల్లు, 2 ఆంపియర్-అవర్ల బ్యాటరీలు రెండు. ఒకటి పనిలో ఉంటే రెండోది ఛార్జింగులో.

ఈ లెక్క అందరికీ ఒకేలా ఉండదు. ఏడాదికి రెండుసార్లు గోడకు ఫొటో తగిలించే ఇంట్లో గీతలు రెండు కూడా పడవు. వాళ్లకి వైరున్న డ్రిల్లే మేలు. పదేళ్లు మూలన పడున్నా ప్లగ్గు పెట్టగానే తిరుగుతుంది. పక్కింటివాళ్లది అడిగి తెచ్చుకుంటే ఇంకా మేలు!

ఒక్కటి మాత్రం అందరూ పాటించాల్సిందే. చచ్చిన బ్యాటరీని చెత్తబుట్టలో వేయొద్దు, కాల్చొద్దు. వాడేసిన బ్యాటరీలను వెనక్కి తీసుకుని రీసైక్లింగుకు పంపే బాధ్యతను 2022 నిబంధనలు తయారీదారుల మీద పెట్టాయి. మేస్త్రీ తన పాత బ్యాటరీలను కొత్త డ్రిల్లు కొన్న షాపులోనే అప్పగించాడు. డ్రిల్లును మాత్రం ఇవ్వలేదు. అది పనిపెట్టె అడుగున భద్రంగా ఉంది. సంక్రాంతికి బావమరిది వస్తున్నాడు మరి... అడిగితే చూపించాలిగా!