వంటింటి యనుక్రమణి

గడచిన వినాయకచవితినాడు, అనగా 2025వ సంవత్సరము ఆగస్టు 27వ తేదీన, మేము మా పుస్తకముల బీరువాను దులిపితిమి. పూజలో పుస్తకములు పెట్టుట మా యింటి యాచారము. పెట్టుటకు ముందు దుమ్ము దులుపుట మా యాచారము. దులుపుచున్నప్పుడు మాకు పనికిరానివని తోచిన కాగితములను ఎవ్వరి నడుగక పారవేయుట మా దురాచారము. ఈ కడపటిదానిని గూర్చియే మేమిప్పుడు చెప్పవలసియున్నది.

బీరువా ముగిసిన పిదప చేయి యూరకుండలేదు. సెల్‌ఫోను తీసితిమి. పాటలు వినుటకై మేము స్పాటిఫై యను సేవలో ఖాతా తెరచి ఆరేండ్లు దాటినది. స్వీడను దేశమున 2006లో పుట్టి, 2008లో జనులకు అందుబాటులోనికి వచ్చిన యీ సేవ మన దేశమునకు 2019 ఫిబ్రవరిలో వచ్చినది. మేమా వేసవి సెలవులలోనే చేరితిమి. అందు పాటల జాబితాలు, వాడుకలో ప్లేలిస్టులనబడునవి, ముప్పదికి పైగా పేరుకొనియుండెను. ‘ఉదయ వ్యాయామము’ అని యొకటి; దానిని వినుచు మేము వ్యాయామము చేసిన యుదయములను వ్రేళ్లమీద లెక్కింపవచ్చును. ‘పదవ తరగతి పద్యములు’ అని యొకటి. ‘వంటిల్లు’ అని మరియొకటి. ఇది మేము చేసినది కాదు. తాళింపు వేయునపుడు వినుటకు మా గృహిణి యేవో నాలుగు పాటలు చేర్చుకొన్నదని తలచితిమి. తెరచి చూడలేదు. నిజముగా తొలగింతునా యని ఫోను మమ్మడిగినది. తొలగింపుమంటిమి. ఇంటిలోని మనిషిని మేమడుగవలసిన ప్రశ్నను యంత్రము మమ్మడిగినది; మేము యంత్రమునకు సమాధానము చెప్పి మనిషిని మరచితిమి.

ఆ జాబితా యేదియో చెప్పుటకు 2021వ సంవత్సరమునకు పోవలెను. ఆ జూన్ నెలలో మా తల్లిగారికి పక్షవాతము వచ్చి కుడిచేయి, మాట రెండును పడిపోయినవి. మెదడున ఎడమభాగము దెబ్బతినినవారిలో పలువురకు ఇట్లగును: ఎదుటివారి మాట కొంత తెలియును, తమకు కావలసిన మాట మాత్రము నోటికి రాదు. ఆమెకు ‘అది’ యను నొక్క మాట మిగిలినది. మంచినీరును అదియే, దుప్పటియు నదియే, మేమును అదియే.

ఇట్టి రోగులలో మాట రానివారికి పాట వచ్చుట కలదు. వైద్యులీ వింతను శతాబ్దములనుండి గమనించుచున్నారు. 1973లో అమెరికాలోని బోస్టను నగర పరిశోధకులు దీని నాధారముగా గొని, చిన్న చిన్న మాటలను రాగముతో పలికించుచు, ఎడమచేతితో తాళము వేయించుచు నేర్పు చికిత్స నొకదానిని ప్రకటించిరి. ఈ సంగతి మేము పుస్తకములలో చదివి, ఒక ఆంగ్లవ్యాసమును అచ్చు తీయించి బల్లమీద పెట్టుకొని, కొడుకుగా మా ధర్మము నెరవేరినదని తృప్తిపడితిమి. మా గృహిణి ఆ వ్యాసమును చదువలేదు. ఆమె మా తల్లిగారి మంచమును వంటింటి గుమ్మము ప్రక్కకు జరిపించి, పాత ఫోనొకదానిని ఉప్పుడబ్బాకు చేరవేసి, పాటలు పెట్టెను.

మా తల్లిగారు బెజవాడలో పెరిగినవారు. అక్కడి రేడియో కేంద్రము 1948 డిసెంబరు 1వ తేదీన ఆరంభమైనపుడు వారికి ఆరేండ్లు. బడి ఐదవ తరగతితో మాన్పించిరి. ఆ తరువాతి విద్య యంతయు పొరుగింటి రేడియోయే. ‘మల్లీశ్వరి’ మొదలు ‘లవకుశ’ వరకు వచ్చిన చిత్రములలోని పాటలు వారికి మాకు శబ్దమంజరి వచ్చినంత గట్టిగా వచ్చును. కాని పెండ్లియైన పిదప అత్తవారింట గొంతెత్తి పాడినట్లు మేమెరుగము. కూనిరాగము మాత్రమే యెరుగుదుము.

ఒక మధ్యాహ్నము ‘మల్లీశ్వరి’లోని యొక పాట రెండవ చరణమున వారి గొంతు కలిసినది. మాటలు స్పష్టముగా వచ్చినవి. మా గృహిణి చేతి గరిట పొయ్యిమీదనే వదలి వచ్చి, ఆ పాటను జాబితాలో మొదట చేర్చెను. అటుపిమ్మట ఏ పాటకు వారి నోరు కదలినదో దానినే చేర్చుచు, కదలనిదానిని ఎంత మంచి పాటయైనను చేర్చక, పదునారు నెలలలో 142 పాటలు కూర్చెను. నడుమ నడుమ మాటలును వచ్చినవి. ‘నీళ్లు’ వచ్చినది. కోడలి పేరు వచ్చినది. మా పేరు తరువాత వచ్చినది. 2022 నవంబరులో, కార్తిక బహుళాష్టమినాడు, వారు పోయిరి.

ఆబ్దికమునకు మేము పెద్ద తంతు పెట్టుకొనము. విద్యార్థి వసతిగృహమునుండి పదిమంది పిల్లలను పిలిచి భోజనము పెట్టుదుము. ఆ దినమున వంటింట తెల్లవారినది మొదలు ఆ పాటలు మ్రోగును. తక్కిన దినములలో మా గృహిణి వానిని ముట్టదు. రెండేండ్లు మేమును వింటిమి. అవి యొక జాబితా యనియు, దాని పేరు ‘వంటిల్లు’ అనియు, దానికొక వరుస కలదనియు మాకు తెలియలేదు. వంటింటినుండి వచ్చు భోజనము ఎట్లు వచ్చినదని యడుగక తినుటకు అలవాటుపడినవారము. పాటను మాత్రము వేరుగా విందుమా?

ఈ సంవత్సరము నవంబరు 11వ తేదీ రాత్రి, మరునాటి కొరకు పప్పు నానబోసి, మా గృహిణి ఆ పాత ఫోను తెరచెను. కొంతసేపటికి మా గదిలోనికి వచ్చెను.

“ఏమండీ, అత్తయ్య పాటలు కనబడటం లేదు. మీరేమైనా చూశారా?”

ఇక్కడ మేము చేసిన పనిని దాచుట యుచితము కాదు. వినాయకచవితినాటి సంగతి ఆ క్షణముననే మాకు జ్ఞాపకము వచ్చినది. వచ్చియు, “ఈ యంత్రములను నమ్మరాదు, ఒక్కొక్కప్పుడిట్లే పోవుచుండును” అని వ్యాకరణశుద్ధముగా నొక అబద్ధము చెప్పితిమి. పాఠశాలలో స్త్రీవిద్యపై ఏటేట ఉపన్యసించువారము. పిల్లవాడు తప్పు చేసి దాచినచో బెంచీ యెక్కింపక కూర్చుండబెట్టి సత్యమును గూర్చి చెప్పువారము. ఆ రాత్రి మాకు చెప్పువారెవరును లేరు.

ఆమె మరేమియు ననక పోయెను. మేము ఫోనులో జాబితాలన్నియు మూడు మారులు పైకి క్రిందికి తోసితిమి. ఆ సేవను తీసివేసి మరల పెట్టితిమి. మాతోడి యుపాధ్యాయు నొకరిని ఫోనులో నడుగగా, తుడిచినది తుడిచినదే, ఆశ వదలుకొనుమనిరి. మంచినీళ్లకని లేచి వంటింటి వైపు చూచితిమి. ఆమె నేలమీద కూర్చుండి, వాడిన ప్రశ్నపత్రముల వెనుకవైపున పాటల పేర్లు వరుసగా వ్రాసికొనుచుండెను. అంకెలు వేయుచు, ఆగుచు, కొట్టివేయుచు, మరల వ్రాయుచు. అప్పటికి 61 వచ్చినవి. ఆ కాగితములు మాకు గొంతున అడ్డుపడినవి.

హైదరాబాదులో చదువుకొనుచున్న మా అమ్మాయికి ఫోను చేసితిమి. సంగతి విని మొదట ఆ పిల్ల అడిగినది పాటలను గూర్చి కాదు.

“అమ్మ ఏం చేస్తోంది నాన్నా?”

చెప్పితిమి.

“మీరే తీసేశారని చెప్పారా?”

చెప్పలేదంటిమి. కొంచెము సేపు అవతల నిశ్శబ్దము. తరువాత, ఫోనులోని యాప్‌లో వెదకిన లాభము లేదనియు, కంప్యూటరులో బ్రౌజరు తెరచి, స్పాటిఫై వెబ్‌సైటులో మా ఖాతా పుటకు పోయిన యెడల తొలగించిన ప్లేలిస్టులను మరల తెచ్చుకొనుట కొక చోటున్నదనియు, తొలగించి 90 దినములు దాటకున్నచో అందు కనబడుననియు చెప్పెను. ఎన్నాళ్లయినదని యడిగెను. చవితినుండి వ్రేళ్లమీద లెక్కించితిమి. 76 దినములు. మరి రెండు వారములు గడచియున్న నేమగునో మేము లెక్కింపలేదు.

కంప్యూటరు మేల్కొనులోపల వంటింటికి పోయి, “ఆ జాబితాను తొలగించినది మేమే. చవితినాడు. అడుగకుండ తీసితిమి” అని చెప్పితిమి.

ఆమె తల యెత్తలేదు. “తెలుసు లెండి. ఫోను తనంతట తాను తుడుచుకోదుగా,” అని 62వ పాట పేరు వ్రాసెను.

తొలగించిన జాబితా యెక్కడనుండెనని చదువరులు అడుగవచ్చును. ఆ సేవవారు ప్రోగ్రాములు వ్రాయువారి కొరకు ప్రకటించిన వివరణలో చిత్రమైన మాట యొకటి కలదు. వారి యేర్పాటులో ప్లేలిస్టును నశింపజేయుట యనునదే లేదట. యజమాని తొలగించినప్పుడు దానిని అనుసరించుట మాని, తన వరుసనుండి తప్పించుట మాత్రమే జరుగును. దానిని అనుసరించుచున్న ఇతరులకు అది యథాపూర్వముగ నుండును. ఇది చదువగానే మాకు పాణిని జ్ఞాపకము వచ్చెను. ఆయన లోపమనగా నాశమని చెప్పలేదు, కనబడకపోవుట యని చెప్పెను. ప్రత్యయము లోపించిన పిదపను దాని వలన జరుగవలసిన కార్యము జరుగుననియు విధించెను. ఇరువదియేండ్లు పిల్లలకు చెప్పిన సూత్రము మా యింట నింత యాలస్యముగా నుదాహరణకు వచ్చినది.

జాబితాలో పాటలుండవు. పాటలు వేరొకచోట నుండును, హక్కులు గలవారి యనుమతి యున్నంత కాలము ఎల్లరకును వినబడును. జాబితాలోనుండునది పేరు, వరుస. ఋగ్వేదమునకు కాత్యాయనుడు కూర్చిన సర్వానుక్రమణియు నట్టిదే: సూక్తములందుండవు, ఏ సూక్తమెట్లారంభమగును, ఋక్కులెన్ని, ఋషి యెవరు, దేవత యెవరు, ఛందస్సేది యని మాత్రముండును. అట్టి గ్రంథమును కూర్చినవానిని మేము మహర్షి యని చెప్పుచుందుము. ఉప్పుడబ్బా ప్రక్కన కూర్చినదానిని ‘ఏవో నాలుగు పాటలు’ అంటిమి.

పుట తెరచుకొన్నది. మేము తొలగించినవన్నియు సిగ్గులేకుండ వరుసగా నుండెను. ‘వంటిల్లు’ ఎదుట నున్న మీటను నొక్కితిమి. ఒక్క నొక్కు. మరల యాప్ తెరచి చూడగా మా జాబితాల చివర వచ్చి నిలిచియుండెను. మా గృహిణిని పిలిచితిమి. ఆమె చేతులు తుడుచుకొని వచ్చి, మా వెనుక నిలుచుండి, పై నుండి క్రిందికి చదువుకొని, “వరుస సరిగానే ఉంది,” అనెను. చేతిలోని కాగితములతో పోల్చి చూచెను. రెండు చోట్ల మాత్రమే ఆమె జ్ఞాపకము తప్పినది.

పేరు క్రింద వివరణ వ్రాయుటకు చోటొకటి యుండును. మేమెన్నడును నింపనిది. అందామె వ్రాసికొనిన మాటలు: ‘అత్తయ్యకి నోరు తిరిగిన వరుస. మార్చవద్దు.’

కంప్యూటరులో చూచినప్పుడు ప్రతి పాటకెదురుగా దానిని చేర్చిన తేదీ కనబడును. మేము ఆ రాత్రి నిదురపోక ఆ తేదీలను చదివితిమి. మేము పరీక్షపత్రములు దిద్దుటకు పొరుగూరిలో నున్న వారమున తొమ్మిది పాటలు. మేము సాహిత్యసభకు పోయిన యాదివారమున మూడు. మా తల్లిగారు మా పేరు పలికిరని మాకు ఫోనులో చెప్పిన దినమున ఒకటి. 2022 ఆగస్టు తరువాత పాటలు పలుచబడినవి. నెలకు రెండు, ఒకటి. వైద్యుల చీటీలను మేము ఫైలులో కట్టి యుంచితిమి గాని, మా తల్లిగారి జబ్బు ఎట్లు తగ్గినదియు, మరల నెట్లు ముదిరినదియు ఇంత స్పష్టముగా వానిలో లేదు.

కడపటిదగు 143వ పాట తేదీ వారు పోయిన పదమూడవ నాటిది. పొరపాటేమో యని మరునాడు ఉదయమున అడిగితిమి.

“పొరపాటు కాదు. అత్తయ్య ఆఖర్లో మాటల్లేకుండా రాగం ఒక్కటే తీసేవారు. అది ఏ పాటో నాకు తెలిసేసరికి ఆవిడ లేరు,” అని పిల్లలకు విస్తళ్లు కడుగుటకు పోయెను.

ఆ మధ్యాహ్నము మాకొక సంగతి పట్టుకొన్నది. ఆ జాబితా క్రింద యజమానిగా మా పేరున్నది. ఖాతా మాది గనుక కోడలు కూర్చినది కొడుకు పేరనున్నది. ఇంటి పట్టాలోను, గ్యాసు పుస్తకములోను నిట్టివే చూచి మేము వ్యాసములు వ్రాసియున్నాము. ఆమెకు వేరొక ఖాతా తెరచి జాబితాను దానికి మార్చుదమనుకొంటిమి. యాజమాన్యమును ఒక ఖాతానుండి మరియొక ఖాతాకు బదలాయించు వీలు ఆ సేవలో లేదు. పాటలను నకలు తీసి క్రొత్త జాబితా చేయవచ్చును. కాని యప్పుడు తేదీలన్నియు నకలు తీసిన దినమే యగును. ఈ మాట చెప్పగా ఆమె వలదనెను.

కావున ఖాతానే యిచ్చివేసితిమి. పైకి కనబడు పేరు మార్చి ఆమె పేరు పెట్టితిమి. ఈమెయిలు చిరునామా ఆమెది చేసితిమి. క్రొత్త పాస్‌వర్డును ఆమెయే, మేము చూడకుండ, తెరవైపు మెడ త్రిప్పుకొని వ్రాసెను. మేము మాకొక క్రొత్త ఖాతా తెరచుకొంటిమి. అందిప్పటికి ఏమియు లేదు. ‘వంటిల్లు’ను వినుటకు అనుమతి యడుగగా లింకు పంపినది.

మా ‘ఉదయ వ్యాయామము’ ఆమె వైపున మిగిలిపోయినది. అది యెవరికిని పనికిరానిది గనుక తీసివేయుమంటిమి.

“ఉండనివ్వండి,” అనెను. “ఎప్పుడైనా మీరు అడుగుతారేమో.”